ప్లానులో కనపడని ఇల్లు

పురుడు పోయడానికి వెళ్ళిన అక్కకి ఊళ్ళు చూసే తీరిక ఎక్కడుంటుంది చెప్పండి? అమ్మకి మోకాళ్ళ నొప్పులు. అంతసేపు విమానంలో కూర్చోలేనంది. ఆవిడ బదులు నేను వెళ్ళాను. మా చెల్లెలు ఉండేది ఇంగ్లండులో, రీడింగ్ అనే ఊళ్ళో. రెండు నెలలపాటు నా లోకమంతా పసిదాని స్నానం, బాలింతకి పథ్యం, ఉతికిన గుడ్డలు హీటరు మీద ఆరేసుకోవడం. అంతే.

అదే సమయంలో ఇక్కడి నుంచి ఫోన్లలో ఇంకో గొడవ. ఊళ్ళో మా ఇల్లు అమ్మేద్దామని అన్నయ్య. నాన్న పోయాక అమ్మ వాడి దగ్గరే ఉంటోంది, ఇల్లు ఆరేళ్ళుగా తాళం వేసే ఉంది. వాడు చెప్పేదీ నిజమే. కానీ అమ్మ మాత్రం ఊ అనదు, కాదు అనదు. అన్నయ్య ఇంటి ప్లాను ఫోటో తీసి మా ఇద్దరికీ వాట్సాప్‌లో పంపాడు. నాలుగు గదులు, వసారా, బావి, పెరడు. అంతా గీతలే. అమ్మకి నచ్చజెప్పమని నా మీద పెట్టాడు.

మూడో నెలలో ఓ ఆదివారం మా మరిది, "వదినగారూ, మీరిక్కడికొచ్చి సూపర్‌మార్కెట్టు తప్ప ఏమీ చూడలేదు, పదండి" అని కారెక్కించాడు. లండన్‌కి అనుకున్నాను. సుమారు 15 కిలోమీటర్లు వెళ్ళి, పొలాల మధ్య ఆపాడు. ఎదురుగా పెద్ద గోడ. చెకుముకి రాళ్ళు పేర్చి కట్టింది, కొన్నిచోట్ల రెండు నిలువుల ఎత్తుంది. గోడ లోపలికి వెళ్తే అంతా గడ్డి. ఆవులు మేస్తున్నాయి.

"ఊరేదీ?" అన్నాను.

"ఇదే ఊరు" అన్నాడు.

ఆ ఊరి పేరు సిల్చెస్టర్. రోమన్ల కాలంలో కల్లేవా అట్రెబాటుమ్, అంటే అట్రెబాటెస్ అనే తెగవాళ్ళ కల్లేవా. అడవిలో ఉన్న చోటు అని కల్లేవాకి అర్థం చెబుతారు. గోడ చుట్టుకొలత దాదాపు 2.4 కిలోమీటర్లు, లోపల వంద ఎకరాల పైనే నేల. రోమన్ల నాటి లండన్, వించెస్టర్, బాత్ లాంటి ఊళ్ళ మీద తర్వాతి వాళ్ళు మళ్ళీ ఇళ్ళు కట్టుకున్నారు. అక్కడ పాత ఊరు చూడాలంటే ఏదో ఒక భవనం పునాది తవ్వినప్పుడు కనపడిన ముక్కే. సిల్చెస్టర్‌ని మాత్రం జనం వదిలేసి వెళ్ళాక మళ్ళీ ఎవరూ ఊరుగా చేసుకోలేదు. తూర్పు గుమ్మం దగ్గర ఒక పాత చర్చి, ఒక కమతం ఇల్లు తప్ప గోడ లోపల ఏమీ లేదు. అందుకే మొత్తం ఊరు గడ్డి కింద అలాగే మిగిలింది.

ఇంటికొచ్చాక దాని గురించి దొరికిందల్లా చదివాను. పిల్ల పడుకున్నప్పుడల్లా చదవడమే. తర్వాత బస్సెక్కి రీడింగ్ మ్యూజియానికి కూడా వెళ్ళొచ్చాను. ఆ తవ్వకాల్లో దొరికిన వస్తువులు అక్కడే ఉన్నాయి, టిక్కెట్టు కూడా లేదు.

రోమన్లు రాకముందే అది ఊరు. క్రీస్తు పూర్వం మొదటి శతాబ్దంలో అట్రెబాటెస్ తెగవాళ్ళు అక్కడ కట్టుకున్నారు. వాళ్ళ రాజుల్లో ఎప్పిల్లుస్ అనే ఆయన కల్లేవా పేరుతో నాణేలు కూడా వేయించాడు. క్రీ.శ. 43లో క్లాడియస్ చక్రవర్తి సైన్యం బ్రిటన్‌లో దిగాక, ఆ ఊరు మెల్లగా రోమన్ ఊరయింది. గళ్ళనోటుబుక్కులాగా అడ్డంగా నిలువుగా వీధులు, నడిబొడ్డున ఫోరమ్ అనే సంత మైదానం, దాన్ని ఆనుకుని బసిలికా అనే సభాభవనం, స్నానశాలలు, ఊరి బయట ఆటల గోదా. ఆ పెద్ద రాతి గోడ మూడో శతాబ్దం చివరి భాగంలో కట్టింది. అయిదో శతాబ్దం మొదట్లో బ్రిటన్ మీద రోమన్ల పాలన పోయింది. ఆ తర్వాతి రెండు వందల ఏళ్ళలోపు ఊరూ ఖాళీ అయిపోయింది.

ఈ ఊరిని రెండు తరాల వాళ్ళు తవ్వారు. నాకు అసలు ఆసక్తి కలిగింది వాళ్ళిద్దరి తవ్వకాల్లో తేడా చూశాకే.

మొదటివాళ్ళలో జాయిస్ అని ఒక చర్చి ఫాదరు. 1866లో ఆయనకి బసిలికాలో ఒక కంచు గద్ద దొరికింది. రోమన్ సైన్యం ముందు మోసే జెండా గద్దే ఇది అనుకున్నాడాయన. ఆ ఊహ మీదే రోజ్‌మేరీ సట్‌క్లిఫ్ అనే రచయిత్రి 1954లో పిల్లల కోసం నవలే రాసింది. ఇప్పటి పండితులేమో అది సైన్యం గద్ద కాదు, ఏ జూపిటర్ విగ్రహంలోనో చక్రవర్తి విగ్రహంలోనో భాగమై ఉంటుందంటారు. ఆ తర్వాత లండన్‌లోని పురావస్తు సంఘం వాళ్ళు 1890 నుంచి 1909 వరకు, ఇరవై సీజన్లు తవ్వి, గోడ లోపలి ఊరు మొత్తానికీ ప్లాను గీశారు. వీధి వీధీ, ఇల్లు ఇల్లూ. చూడటానికి ఎంత ముచ్చటగా ఉంటుందో ఆ ప్లాను! ఇక తెలుసుకోవాల్సింది ఏమీ లేదనిపిస్తుంది.

కానీ వాళ్ళు వెతికింది రాతి గోడల కోసం. గోడ తగిలితే దాని వెంట తవ్వుకుంటూ పోయారు. కర్ర ఇళ్ళు, మట్టి నేలలు, పొయ్యిలు చాలావరకు వాళ్ళ కంట పడలేదు. వాళ్ళని తప్పు పట్టడానికి లేదు. మట్టిలో మారే రంగుని బట్టి ఇక్కడొక గుంజ పాతారు, ఇక్కడొక పొయ్యి ఉండేది అని పోల్చుకునే విద్య అప్పటికింకా అంతగా రాలేదు. పైగా బావుల్లో దొరికిన గింజల్ని క్లెమెంట్ రీడ్ అనే ఆయన చేత పరీక్ష చేయించింది కూడా వాళ్ళే.

రెండోవాళ్ళు రీడింగ్ విశ్వవిద్యాలయం వాళ్ళు. మైకేల్ ఫుల్‌ఫర్డ్ అనే ప్రొఫెసర్ ఆధ్వర్యంలో 1997 నుంచి 2014 దాకా, ఏటా ఎండాకాలంలో తవ్వారు. ఊరంతా కాదు. నాలుగు వీధుల మధ్య ఉండే ఒక్క గడిలో, దాన్లోనూ ఒక భాగం. ఆ గడి పేరు ఇన్సులా తొమ్మిది. పాతవాళ్ళు ఇరవై ఏళ్ళలో ఊరు మొత్తం చుట్టేస్తే, వీళ్ళకి పద్దెనిమిదేళ్ళు ఆ మూలకే సరిపోయాయి. బియ్యంలో రాళ్ళేరినట్టు పొర తర్వాత పొర తీశారు.

ఏం దొరికిందంటారా? ఇల్లు దొరికింది.

పాత ప్లానులో ఒక ఇల్లు వీధికి వాలుగా, అడ్డదిడ్డంగా కూర్చుని ఉంటుంది. ఎందుకో అప్పుడు తెలీదు. అడుగు పొరల్లోకి వెళ్తే, రోమన్లు వీధులు వేయకముందున్న పాత ఇళ్ళూ సందులూ కూడా ఆ వాలులోనే ఉన్నాయి. పైనుంచి వచ్చిన వాళ్ళు ఊరంతా కొలిచి నిటారుగా వీధులు గీసినా, ఆ స్థలంలో వాళ్ళు మాత్రం తాతల నాటి దిక్కుకే ఇల్లు కట్టుకుంటూ వచ్చారు. ఒకటీ రెండేళ్ళు కాదు, రెండు వందల ఏళ్ళ పైమాటే. మూడో శతాబ్దం చివరికి గానీ అక్కడి ఇళ్ళు వీధికి సర్దుకోలేదు. రోడ్డు వెడల్పు చేస్తామంటే అరుగు తీయనని భీష్మించిన మా తాతయ్య గుర్తొచ్చాడు నాకు.

ఇక బావులు. మనకి నూతి ఒరలు ఉన్నట్టు, వాళ్ళు కొన్ని బావుల్లో పెద్ద పెద్ద చెక్క పీపాలు దించారు. ఆ చెక్క సిల్వర్ ఫర్ అనే చెట్టుది, ఆ రోజుల్లో బ్రిటన్‌లో పెరిగేది కాదు. యూరప్ నుంచి వైన్ నింపుకుని వచ్చిన పీపాలవి. సరుకు అయిపోయాక పారేయకుండా బావిలోకి వాడుకున్నారు. హార్లిక్స్ సీసాలో కందిపప్పు పోసుకునే మనకి అది వేరే చెప్పాలా?

రోమన్ల దండయాత్రకి ముందటి ఒక బావి అడుగున ధనియాలు, సెలరీ, సోయకూర గింజలు దొరికాయి. వాటితో పాటు ఒక ఆలివ్ గింజ. బ్రిటన్‌లో దొరికిన ఆలివ్ గింజల్లో అంతకంటే పాతది లేదని 2012లో ప్రకటించారు. దాంతో చరిత్ర కూడా కొంత మార్చి రాసుకోవాల్సొచ్చింది. రోమన్ సైన్యమే వచ్చి ఆ ఊరివాళ్ళకి దక్షిణాది రుచులు నేర్పిందనుకున్నారు. కాదు, అంతకుముందే ఎవరి వంటింట్లోనో ఆ రుచులున్నాయి. యుద్ధాలూ రాజులూ చెప్పని సంగతి ఎవరో ఉమ్మేసిన గింజ చెప్పింది.

ఇంకో బావిలో, 1893లోనే, ఒక చిన్న రాతి స్తంభం దొరికింది. దాని మీద ఓగమ్ అనే లిపిలో ఐర్లండు భాషలో అక్షరాలు. ఫలానా తెబికాతుస్, ఫలానా వంశం వాడు అని. ఎక్కడి ఐర్లండు, ఎక్కడి కల్లేవా! సముద్రం దాటొచ్చినా తన పేరు, తన వంశం, తన లిపిలో రాయించుకున్నాడు. రీడింగ్‌లో మా చెల్లెలు పసిదాని ఉయ్యాలకి తెలుగులో పేరు కుట్టించింది. ఆ రాయి గురించి చదివినప్పుడు ఉయ్యాల వంకే చూశాను.

అయితే నన్ను కదిలించింది వేరొకటి. రోమన్లు పెద్దవాళ్ళు పోతే ఊరి బయటే పెట్టాలి. లోపల పనికిరాదు. కానీ పురిట్లోనో, కొద్ది రోజులకో పోయిన పసికందులకి ఆ నియమం లేదు. వాళ్ళని ఇంటి దగ్గరే పెట్టుకునేవారు. ఆ గడిలో కూడా అలాంటి పసిబిడ్డల ఎముకలు దొరికాయి. రోమన్లలో ఆడపిల్లకి ఎనిమిదో రోజున, మగపిల్లాడికి తొమ్మిదో రోజున పేరు పెడతారట. వీళ్ళలో కొందరికి పేరు కూడా పెట్టి ఉండరు. ఏ శాసనంలోనూ ఉండరు. ముచ్చటైన ఆ పాత ప్లానులో అసలే ఉండరు. అది చదివిన రాత్రి పిల్లని ఒళ్ళోంచి దించబుద్ధి కాలేదు.

మర్నాడు అమ్మకి ఫోన్ చేసి, మాటల్లో ఇదంతా చెప్పాను. ఊరికే, కాలక్షేపానికి. చాలాసేపు అవతల చప్పుడు లేదు. లైను కట్టయిందనుకున్నాను.

"అన్నయ్యకీ నీకూ మధ్య ఒకడు పుట్టాడే" అంది. "పురిటి స్నానం కూడా కాలేదు. తొమ్మిదో రోజున పోయాడు. పసివాళ్ళని కాల్చరుగా. మీ నాన్నా తాతయ్యా పెరట్లో నిమ్మచెట్టు పక్కన పెట్టారు. నన్ను చూడనివ్వలేదు."

నలభై ఆరేళ్ళొచ్చాయి నాకు. ఆ నిమ్మచెట్టు కాయలతో ఎన్ని జాడీల పచ్చడి పెట్టుంటాను! అమ్మ రోజూ దానికి స్వయంగా నీళ్ళు పోసుకునేది, పనిమనిషిని పోయనిచ్చేది కాదు. అది ఆవిడ చాదస్తం అనుకునేవాళ్ళం.

ఆ రాత్రి అన్నయ్య పంపిన ప్లాను మళ్ళీ తీసి చూశాను. పెరడు ఒట్టి ఖాళీ గడి. నిమ్మచెట్టు లేదు. అమ్మ రెండు పూటలా వంగి వంగి నున్నగా చేసిన పొయ్యి గట్టు లేదు. కొలతలన్నీ సరిగ్గానే ఉన్నాయి, తప్పేమీ లేదు. చెప్పే మనిషి ఇంకా ఫోనులో పలుకుతూ ఉండగానే మేము కాగితం చూసి మాట్లాడుకుంటున్నాం.

డిగ్రీలో మాకు చరిత్ర అంటే రాజులు, శాసనాలు, కవులు, కృతి భర్తలు. వండినవాళ్ళూ కన్నవాళ్ళూ దాన్లో ఎక్కడా లేరు, మిగలరు కాబట్టి లేరేమో అనుకునేదాన్ని. మిగులుతారండీ. కాకపోతే గోడల్లో కాదు, బావి అడుగున, పొయ్యి మట్టిలో, చెట్టు మొదట్లో. వెతికేవాళ్ళు తొందర పడకూడదు, అంతే.

అన్నయ్యకి నేనే చెప్పాను. వాడూ చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత, "నాకెందుకు చెప్పలేదే అమ్మ" అన్నాడు. నీకు అప్పుడు మూడేళ్ళురా అన్నాను. ఇల్లు అమ్మాలో వద్దో ఇంకా తేలలేదు. తేలకపోయినా ఫర్వాలేదనిపిస్తోంది. ఈ సంక్రాంతికి ముగ్గురం అమ్మని తీసుకుని ఆ ఇంటికి వెళ్తున్నాం. గది గదికీ నడిపించి, ఎక్కడేం జరిగిందో చెప్పించుకుంటాను. నోటుపుస్తకం ఇప్పుడే కొని పెట్టుకున్నాను.

మీ ఇంట్లో కూడా ఏదైనా పాత ఇల్లు బేరానికి వచ్చి ఉంటే, సంతకాల ముందు ఒక్క పూట పెద్దవాళ్ళని వెంటబెట్టుకుని వెళ్ళిరండి. కల్లేవా వాళ్ళని అడగడానికి ఎవరూ లేరు, పద్దెనిమిదేళ్ళు తవ్వాల్సొచ్చింది. మనకింకా అడిగితే చెప్పేవాళ్ళున్నారు.