కౌలు చేలోంచి కాంగ్రెసుకి

కావలి కాలువ కింద చివరి మడికి ఈ తడి అందుతుందా లేదా అని లస్కరు దారి చూసే రైతుకు దలీప్ సింగ్ సౌంద్ కథ చెబితే సగం ఇట్టే అర్థమవుతుంది. మిగతా సగం తెలియాలంటే, దున్నుతున్న భూమిని కొనుక్కోవడం అటుంచి, తన పేరున కౌలు కాగితం కూడా రాయించుకోలేని రైతును ఊహించుకోవాలి.

సౌంద్ 1899లో అమృత్‌సర్ జిల్లా ఛజ్జల్‌వాడీలో పుట్టాడు. తల్లిదండ్రులు చదువుకోలేదు, పిల్లల్ని మాత్రం చదివించారు. గణితంలో డిగ్రీ చేసి 1920లో అమెరికా ఓడెక్కాడు. పళ్లూ కూరగాయలూ నిల్వచేసే విద్య నేర్చుకుని, తిరిగొచ్చి ఆ పరిశ్రమ పెట్టాలన్నది ఆలోచన. కాలిఫోర్నియాలోని బర్కిలీలో స్టాక్టన్ గురుద్వారా వారు విద్యార్థులకు నడిపిన వసతిలో ఉంటూ చదివాడు. మనసు మళ్లీ లెక్కల మీదికే పోయింది. 1924లో డాక్టరేట్ వచ్చింది, ఉద్యోగం రాలేదు.

అంతకు ముందు సంవత్సరమే అమెరికా సుప్రీంకోర్టు భగత్ సింగ్ థింద్ కేసులో తీర్పు చెప్పింది. (మన విప్లవకారుడు కాదు, మొదటి ప్రపంచ యుద్ధంలో అమెరికా సైన్యంలో పనిచేసిన సిక్కు.) భారతీయులు చట్టం దృష్టిలో తెల్లవాళ్లు కారు, కాబట్టి పౌరులు కాలేరన్నది ఆ తీర్పు. కాలిఫోర్నియాలో 1913 నుంచీ ఒక భూచట్టం ఉండేది: పౌరసత్వానికి అర్హత లేనివాళ్లు సాగుభూమి కొనకూడదు. 1920లో కౌలు దారీ మూసేశారు. ఇక పంజాబీ రైతులకు మిగిలింది బినామీ పద్ధతే. నమ్మకమున్న తెల్ల షావుకారు పేరునో, వకీలు పేరునో, అక్కడే పుట్టిన పిల్లల పేరునో కాగితాలు, చెమట వీళ్లది. 1928లో సౌంద్ చెక్ మూలాలున్న మేరియన్ కోసాను పెళ్లాడాడు. అర్హత లేని విదేశీయుణ్ణి చేసుకుంటే అమెరికా ఆడపిల్ల పౌరసత్వం కూడా పోయే రోజులవి.

డాక్టరు గారు 1925లో ఇంపీరియల్ లోయకు చేరింది పత్తి తీసే కూలీల ముఠాకు మేస్త్రీగా. మెక్సికో సరిహద్దు పక్కన, సముద్రమట్టానికి దిగువన ఉన్న ఎడారి అది. కొలరాడో నది నీళ్లు కాలువల్లో మళ్లించాక పంటభూమి అయింది. మన రోహిణి ఎండలు అక్కడ నెలల తరబడి కాస్తాయి. 1930 నుంచి సొంతంగా లెట్యూస్ ఆకుకూర వేశాడు. ఆర్థిక మాంద్యంలో ధర పడిపోయి అప్పులపాలయ్యాడు. దివాలా పిటిషన్ పెట్టమన్నవాళ్లున్నారు. పెట్టలేదు, ఏళ్లు పట్టినా బాకీలు తీర్చాడు.

సౌంద్ గురించి రాసేవాళ్లు నేరుగా 1956 ఎన్నికకు పరుగెడతారు. నా లెక్కలో ఆయన రాజకీయ జీవితంలో పెద్ద గెలుపు అంతకు పదేళ్ల ముందటిది, ఓటు హక్కు కూడా లేనినాటిది. 1942లో ఇండియా అసోసియేషన్ ఆఫ్ అమెరికా పెట్టి, అధ్యక్షుడై, భారతీయులకు పౌరసత్వం కోసం రైతుల దగ్గర చందాలు పోగుచేసి ఊరూరా తిరిగాడు. ఆయన ఒక్కడే కాదు, న్యూయార్క్‌లో వ్యాపారి జె.జె.సింగ్ వంటివాళ్లూ పట్టువదలకుండా పనిచేశారు. 1946 జూలై 2న అమెరికా అధ్యక్షుడు ట్రూమన్ లూస్–సెల్లర్ చట్టం మీద సంతకం చేశాడు. ఏడాదికి భారతదేశం నుంచి కొత్తగా రానిచ్చేది 100 మందిని. కానీ అప్పటికే అక్కడున్నవాళ్లు పౌరులై, భూమి తమ పేరున రాయించుకునే వీలు కలిగింది.

సౌంద్ 1949 డిసెంబరులో పౌరుడయ్యాడు. 1950లో ఇంపీరియల్ లోయలోని వెస్ట్‌మోర్లండ్ ఊరి జడ్జి పదవికి గెలిస్తే, పౌరసత్వం వచ్చి ఏడాది నిండలేదని పదవి ఇవ్వలేదు. 1952లో మళ్లీ నిలబడి 13 ఓట్లతో గెలిచాడు. నువ్వు జడ్జివైతే కోర్టుకొచ్చే మాకు తలపాగాలు నువ్వే ఇస్తావా, మేమే కొనుక్కోవాలా అని ఒకడు వేళాకోళమాడాడట. తల మీద ఏముందో నాకక్కర్లేదు, లోపల ఏముందో చూస్తానన్నాడు సౌంద్. సేద్యం మానేశాక అదే ఊళ్లో రసాయన ఎరువుల వ్యాపారం కూడా చేశాడు.

1956లో అమెరికా కాంగ్రెసుకు, అంటే వాళ్ల పార్లమెంటుకు, డెమోక్రాటిక్ పార్టీ తరఫున పోటీ చేశాడు. ప్రత్యర్థి జాక్వెలిన్ కాక్రన్: శబ్దవేగాన్ని మించి విమానం నడిపిన మొదటి మహిళ, కోటీశ్వరుడి భార్య, అధ్యక్షుడు ఐసెన్‌హోవర్ స్నేహితురాలు. గెలిచింది రైతే. ఆసియా నుంచి వచ్చి ఆ సభలో ఓటున్న సభ్యుడైన మొదటివాడు ఆయనే. మూడుసార్లు నెగ్గాడు, విదేశీ వ్యవహారాల కమిటీలో కూర్చున్నాడు, 1957 పౌరహక్కుల చట్టానికి ఓటేశాడు. 1962లో పక్షవాతంతో మంచానపడి ఆ ఏడు ఓడిపోయాడు. 1973లో పోయాడు.

ఆ దారిలో తర్వాత మనవాళ్లూ నడిచారు. నెల్లూరులో పుట్టిన ఇంజనీరు చివుకుల ఉపేంద్ర 2002లో న్యూజెర్సీ శాసనసభలో ప్రమాణం చేశారు. సౌంద్ తర్వాత అమెరికా కాంగ్రెసు దిగువసభకు భారతీయ మూలాలున్న మరో సభ్యుడు, బాబీ జిందాల్, వచ్చింది 2005లో. పిల్లల వీసా కబుర్లు ఫోన్లో వింటున్న కావలి పెద్దలు ఏడాదికి 100 మందినే రానిచ్చిన ఆ లెక్క కూడా వాళ్లకొకసారి చెప్పండి.