వాడపల్లి ఏడు శనివారాల మొక్కు

కోనసీమలో ఆత్రేయపురం మండలం వాడపల్లి వేంకటేశ్వరస్వామికి భక్తులు చేసే మొక్కు. వరుసగా ఏడు శనివారాలు వచ్చి, వచ్చిన ప్రతిసారీ గుడి చుట్టూ ఏడు ప్రదక్షిణలు చేస్తే కోరిక తీరుతుందని నమ్మకం. గౌతమి ఒడ్డునున్న ఈ గుడిలో స్వామి విగ్రహం ఎర్రచందనం కొయ్యది. క్షేత్రాన్ని కోనసీమ తిరుమల అంటారు. మండపేట వైపు నుంచి వచ్చేవారు ఆలమూరు మీదుగా జొన్నాడ చేరి, వంతెన దాటి, రావులపాలెం నుంచి వస్తారు.

ఈ మొక్కు పద్ధతే వ్యాపారానికి అచ్చొచ్చేది. ఒక్క దర్శనంతో అయిపోదు. అదే మనిషి ఏడు వారాలు అదే దారిన రావాలి. ఆటోలు, పూలు, కొబ్బరికాయలు ఏ గుడి దగ్గరైనా ఉండేవే. ఇక్కడి విశేషం పక్కనే ఉన్న ఆత్రేయపురం పూతరేకు. బోర్లించిన కుండ కింద మంట పెట్టి, పలుచటి బియ్యప్పిండి జావలో ముంచిన గుడ్డను కుండ మీద పరిచి లాగితే క్షణాల్లో రేకు తేలుతుంది. దానికి నెయ్యి రాసి, పంచదారో బెల్లం పొడో చల్లి మడుస్తారు. ఇప్పుడు జీడిపప్పు, బాదం చేరాయి, అట్టపెట్టెలూ వచ్చాయి. 2023లో భౌగోళిక గుర్తింపు దక్కింది.

తిరుపతి లడ్డూకు ఆ గుర్తింపు 2009లోనే వచ్చింది. అయితే అది ప్రసాదం, దేవస్థానం సొత్తు. పూతరేకు మాత్రం ఎక్కువగా ఆడవాళ్లు ఇళ్లలో తీసే అంగడి సరుకు. నైవేద్యంతో దానికి పని లేదు. అయినా వాడపల్లి వెళ్లి ఆ పెట్టె లేకుండా తిరిగొస్తే ఇంట్లో పిల్లలు ఊరుకోరు.