రాసేదొకటి, పలికేదొకటి: కొన్ని ఇంగ్లీషు మాటలు

తెలుగులో ఏది రాస్తే అదే చదువుతాం. అదే అలవాటుతో ఇంగ్లీషు చదివితే కొన్ని మాటల దగ్గర పిల్లలు తడబడతారు. పక్కవాళ్లు నవ్వితే మరుసటి రోజు నుంచి పైకి చదవడమే మానేస్తారు. నిజానికి చిక్కు ఆ స్పెల్లింగులది, పిల్లలది కాదు. ఈ మాటలు ఇంట్లో అందరూ కలిసి ఒకసారి పైకి చదవండి.

డెట్: డి-ఇ-బి-టి. అప్పు అని అర్థం. 'బి' పలకదు. ఫ్రెంచి నుంచి వచ్చినప్పుడు ఇందులో 'బి' లేనే లేదు. లాటిన్ మూలం 'డెబిటుమ్' గుర్తుకు రావాలని తర్వాత చేర్చారు.

రిసీట్: ఆర్-ఇ-సి-ఇ-ఐ-పి-టి. డబ్బు ముట్టినట్టు ఇచ్చే కాగితం. ఈ 'పి' కూడా లాటిన్ చూసి పెట్టిందే, పలకదు. మనం అనే 'రసీదు' దీని నుంచి రాలేదు. అది పారసీ మాట.

ఐలండ్: ఐ-ఎస్-ఎల్-ఎ-ఎన్-డి. దీవి. లాటిన్ 'ఇన్సులా'తో చుట్టరికం ఉందనుకుని 'ఎస్' చేర్చారు. ఆ చుట్టరికమే లేదు!

కర్నల్: సి-ఓ-ఎల్-ఓ-ఎన్-ఇ-ఎల్. సైన్యంలో ఒక హోదా. ఇటలీలో 'కొలొనెల్లో', పాత ఫ్రెంచిలో 'కొరొనెల్'. ఇంగ్లీషుకు రాత ఇటలీది, పలుకు ఫ్రెంచిది మిగిలాయి. తెలుగు పత్రికల్లో 'కల్నల్' అని చూస్తాం; ఇంగ్లీషులో మాట్లాడేటప్పుడు 'కర్నల్' అనాలి.

కోర్: సి-ఓ-ఆర్-పి-ఎస్. దళం. ఎన్‌సీసీలో చివరి 'సి' ఇదే. 'పి', 'ఎస్' రెండూ పలకవు. దీని చివర 'ఇ' చేరిస్తే అది వేరే మాట: 'కార్ప్స్', అంటే శవం. కేడెట్లు ఇది బాగా గుర్తుపెట్టుకోవాలి.

క్వయర్: సి-ఎచ్-ఓ-ఐ-ఆర్. కలిసి పాడే బృందం. 'చోయిర్' అనకూడదు.

క్యూ: క్యూ-యు-ఇ-యు-ఇ. వరుస. అయిదు అక్షరాల్లో మొదటిదాని పేరు పలికితే సరిపోతుంది. ఫ్రెంచిలో ఈ మాటకు తోక అని అర్థం.

మన నుంచి వెళ్లిన మాట కూడా మారింది. తెలుగు 'పందికొక్కు'ను ఇంగ్లీషువాళ్లు 'బాండికూట్' చేసుకున్నారు. కొత్త భాష నోటికి రావడానికి ఎవరికైనా టైం పడుతుంది.

తల్లిదండ్రులకు ఒక మాట: పిల్లలు తప్పు చదివితే మధ్యలో ఆపకండి. వాక్యం పూర్తయ్యాక సరైన పలుకు చెప్పి, రెండుసార్లు అనిపించండి. మీకూ అనుమానమైతే 'పద, డిక్షనరీ చూద్దాం' అనండి. ఆ మాట విన్న పిల్లలకు తెలియదని చెప్పడానికి భయం ఉండదు.