బహమనీల బీదరు: ఆఫాకీలూ దక్కనీలూ

దక్కను పీఠభూమి నడుమ, మంజీరా నదికి దక్షిణాన, చుట్టూ ఉన్న నేల కంటే ఎత్తుగా లేచిన ఎర్రని లాటరైటు మిట్ట అంచున ఉన్న బీదరు 15వ శతాబ్దంలో బహమనీ సుల్తానులకు రాజధాని అయింది. 1347లో ఢిల్లీ తుగ్లకుల అధికారాన్ని ధిక్కరించి వెలసిన బహమనీ రాజ్యాన్ని మొదట గుల్బర్గా నుంచి పాలించారు. 1422లో అన్న ఫిరోజ్ షాను తప్పించి గద్దెనెక్కిన అహ్మద్ షా, కుట్రలతో నిండిన ఆ పాత రాజధానిని విడిచి బీదరుకు తరలివెళ్లాడు. వేటకు వచ్చిన సుల్తాను ఎదుట ఒక నక్క అతని వేటకుక్కలను ఎదిరించి తరిమిందనీ, ఆ నేల మహిమకు అబ్బురపడి అతడు అక్కడే నగరం కట్టించాడనీ ఒక కథ ఉంది. ఇలాంటి కథనే విజయనగరానికీ చెప్పుకుంటారు గనుక దాన్ని చరిత్రగా తీసుకోలేము. విజయనగరంతో నిత్యం పోరు సాగే కృష్ణా తుంగభద్రల సరిహద్దుకు గుల్బర్గా కంటే దూరంగా ఉండటం, మరాఠీ, కన్నడ, తెలుగు మాట్లాడే మూడు ప్రాంతాలూ కలిసే చోటికి చేరువగా ఉండటం బీదరుకు కలిసివచ్చిన అసలు బలాలు. అహ్మద్ షా సేనలు ఓరుగల్లును వశం చేసుకున్నదీ ఆ సంవత్సరాల్లోనే. తూర్పున తెలుగు దేశంలోకి విస్తరించదలచిన రాజుకు బీదరు కంటే అనువైన చోటు దొరకదు.

ఆ మిట్ట మీద నగరం నిలవడానికి నేల స్వభావమే ఆధారమైంది. పైనున్న లాటరైటు పొర గుల్లగా ఉండి వాననీటిని పీల్చుకుంటుంది, దాని కింద గట్టి నల్లరాతి పొర ఆ నీటిని ఇక దిగనివ్వదు. కాబట్టి రెండు పొరలూ కలిసే చోట నీరు పక్కకు పారి, మిట్ట అంచుల్లో ఊటలుగా బయటపడుతుంది. నరసింహ ఝరణి, పాపనాశం వంటి పుణ్యక్షేత్రాల ఊటలు ఇలా పుట్టినవే. ఇరాన్‌లో ఎడారి ఊళ్లకు నీరందించే కారేజ్ విధానాన్ని, అంటే భూగర్భంలో సన్నని వాలుతో సొరంగం తవ్వి, దాని మీదుగా నిర్ణీత దూరాల్లో బావుల వంటి నిలువు గుంతలు దించే పద్ధతిని, బహమనీల కాలంలో ఇక్కడి రాతికి తగినట్టు మలిచారు. ఆ గుంతల గుండా సొరంగంలోకి గాలి, వెలుతురు అందేవి, పూడిక తీయడానికి మనుషులు దిగేవారు, పైనున్నవారు నీళ్లు తోడుకునేవారు. నౌబాద్ దగ్గరి కారేజ్‌లో ఈ ఏర్పాటు నేటికీ చూడవచ్చు. 1432 నాటికి పూర్తయిన కోట విషయంలోనూ ఆ రాతినే వాడుకున్నారు. కందకాన్ని మిట్టలోకే తొలిచి, మధ్యలో రాతి గోడలను తొలచకుండా విడిచి, కొన్ని వైపుల అది మూడు వరుసలుగా ఉండేలా చేశారు.

నీటి విద్యతో పాటు మనుషులూ ఇరాన్ నుంచి వచ్చారు. కిర్మాన్ ప్రాంతపు సూఫీ గురువు షా నిమతుల్లా వలీని అహ్మద్ షా బీదరుకు ఆహ్వానించగా, ఆయన తాను రాక మనుమడిని పంపాడు. 1431లో ఆయన కన్నుమూశాక కుమారుడు ఖలీలుల్లా సకుటుంబంగా వచ్చి స్థిరపడ్డాడు. అష్టూరు గ్రామంలో ఉన్న అహ్మద్ షా సమాధి లోపల, బంగారు, సింధూరం, నీలి రంగుల్లో ఆ గురువు బోధనలను, గురుపరంపరను తీర్చి రాసిన గోడలు ఈ అనుబంధానికి సాక్ష్యం. అంతకంటే అపురూపమైన విషయం మరొకటుంది. ముస్లిములు వలీగా కొలిచే ఈ సుల్తానునే లింగాయతులు అల్లమప్రభువుగా భావిస్తారు. ఏటా జరిగే ఉరుసుకు గుల్బర్గా ప్రాంతం నుంచి ఒక జంగమయ్య శిష్యులతో తరలివచ్చి సమాధికి పూజ చేయడం ఆనవాయితీ. సుల్తానుల కొలువులో ఏనాడూ కుదరని సఖ్యత వారి సమాధి దగ్గర కుదిరింది.

కొలువులో కుదరకపోవడానికి మూలం రెండు వర్గాల వైరం. సముద్రం దాటి కొత్తగా వచ్చిన ఇరానీలు, తురుష్కులు, అరబ్బులను ఆఫాకీలని, అంటే దిగంతాల నుంచి వచ్చినవారని పిలిచేవారు. ఉత్తరాది నుంచి తరాల కిందటే వచ్చి స్థిరపడిన కుటుంబాలు, మతం మారిన స్థానికులు, వారి పక్షాన నిలిచిన హబ్షీలు, అంటే అబిసీనియా మూలాలవారు, దక్కనీలుగా చలామణి అయ్యారు. ఆఫాకీల చదువు, యుద్ధనైపుణ్యం, వర్తక సంబంధాలు రాజ్యానికి ఎంత అవసరమో, వారికి దక్కే పదవులు దక్కనీలకు అంత కంటగింపు అయ్యాయి. అహ్మద్ షా తరువాతి సుల్తాను అలాఉద్దీన్ అహ్మద్ ఏలుబడిలో చాకణ్ కోట వద్ద ఆఫాకీలను పెద్దసంఖ్యలో ఊచకోత కోసిన ఘటనతో ఆ పగ రక్తపాతానికి దారితీసింది.

ఈ చీలికను సరిదిద్దడానికి మనస్ఫూర్తిగా ప్రయత్నించిన ఒకే ఒక్కడు ఖ్వాజా మహమూద్ గవాన్. కాస్పియన్ తీరాన ఉన్న గీలాన్‌లో పుట్టి, వ్యాపారిగా 1453 ప్రాంతంలో బీదరు చేరిన ఆయన, మూడవ మహమ్మద్ షా కాలంలో ప్రధానమంత్రి అయ్యాడు. తాను ఆఫాకీ అయినా పెద్ద పదవులను రెండు వర్గాలకూ పంచాడు. నాలుగు తరఫులను, అంటే రాష్ట్రాలను, ఎనిమిదిగా విడగొట్టాడు. ఒక్కో తరఫ్‌దారు చేతిలో ఒకే కోట ఉంచి, తక్కిన కోటలకు సుల్తానే ఖిల్లేదారులను నియమించేలా చేశాడు. ప్రతి తరఫులో కొంత భూమిని నేరుగా ఖజానాకు చెందే ఖాలిసాగా కేటాయించి, పొలాలు కొలిపించాడు. ఆ కాలంలోనే బీదరుకు వచ్చిన రష్యా వర్తకుడు అఫనాసీ నికితిన్, సరదార్ల వైభవాన్నీ పల్లె జనం లేమినీ పక్కపక్కన పెట్టి రాశాడు. ఆ సరదార్ల బలానికి కళ్లెం వేయడమే గవాన్ సంస్కరణల సారం. ఆయన ప్రాణం మీదికి వచ్చిందీ దానివల్లనే.

తెలంగాణ తరఫును రాజమహేంద్రవరం, ఓరుగల్లు అని రెండు చేయడం, దానిపై పట్టు సాధించిన దక్కనీ సరదారు మలిక్ హసన్ బహ్రీకి మింగుడుపడలేదు. అతని పక్షంవారు గవాన్ ముద్రలు భద్రపరిచే ఉద్యోగిని లోబరుచుకుని, ఖాళీ కాగితం మీద ముద్ర వేయించి, ఒడిశా గజపతిని దండయాత్రకు పిలుస్తున్నట్టు అందులో లేఖ రాయించారు. అప్పుడు సుల్తాను కృష్ణా తీరాన కొండపల్లిలో విడిది చేసి ఉన్నాడు. ముద్ర తనదే గాని లేఖ తనది కాదని గవాన్ ఎంత చెప్పినా వినకుండా, విచారణ ఊసే లేకుండా, 1481 ఏప్రిల్ 5న ఆయన తల తీయించాడు. నిజం బయటపడ్డాక పశ్చాత్తాపంతో కుంగిన సుల్తాను ఏడాది తిరగకుండానే మరణించాడు. బహమనీ రాజ్యం నిజంగా కూలింది గవాన్ తల తెగిన రోజునే; ఆ తరువాత నలభై ఏళ్లకు పైగా బీదరులో గద్దె మీద సుల్తానులు కూర్చున్నా, పాలన మంత్రి ఖాసిం బరీద్, అతని తరువాత కుమారుడు అమీర్ బరీద్ చేతుల్లోకి పోయింది. బీజాపూర్, అహ్మద్‌నగర్, బేరారు తరఫ్‌దార్లు సొంత రాజ్యాలు ఏర్పరచుకోగా, హమదాన్ నుంచి వచ్చిన ఆఫాకీ అయిన సుల్తాన్ కులీ గోల్కొండలో కుతుబ్ షాహీ వంశానికి పునాది వేశాడు.

గవాన్ 1472లో కట్టించిన మదరసా ఆయన ఆశయానికి నిలువెత్తు రూపం. ఖురాసాన్ పద్ధతిలో నడుమ వాకిలి, చుట్టూ మూడంతస్తుల గదులు, ముఖభాగమంతా నీలం, తెలుపు, పసుపు పచ్చ, ఆకుపచ్చ మెరుగు పలకలు. దూరదేశాల పండితులు పాఠం చెప్పిన ఆ భవనంలో వేల గ్రంథాలు ఉండేవి. 1657లో ఔరంగజేబు బీదరును గెలిచాక అందులో సైన్యం దిగింది, మందుగుండు నిలవచేశారు. 1696 ప్రాంతంలో అది పేలి ముఖద్వారం, ఒక మీనారు, దక్షిణ భాగంలో చాలామేర నేలమట్టమయ్యాయి. మిగిలిన ఉత్తరపు మీనారు మీద వంకీలు తిరిగిన పలకల వరుసలను ఇప్పటికీ చూడవచ్చు.

బీదరులో బహమనీల స్థానంలోకి వచ్చిన ఆ బరీద్‌ల వంశం, బరీద్ షాహీలలో అలీ బరీద్ కోటలోని రంగీన్ మహల్‌ను ముత్యపు చిప్ప పొదిగిన నల్లరాతితో తీర్చిదిద్దాడు. 1619లో బీజాపూర్ సుల్తాను బరీద్ షాహీల రాజ్యాన్ని కలుపుకున్నాడు. మొగలుల తరువాత బీదరు నిజాముల ఏలుబడిలో ఉండి, 1956లో రాష్ట్రాల పునర్విభజనతో మైసూరు రాష్ట్రంలో చేరింది. అప్పుడే ఆ జిల్లాలోని జహీరాబాద్, నారాయణఖేడ్ తాలూకాలు మెదక్ జిల్లాకు వచ్చాయి.