గీత కింద నలిగిన సీమ

ఫిన్లాండు స్వీడను పాలనలో ఉన్న కాలంలో, 1634లో, పాలకులు అక్కడి పాత సీమలను పాలనావిభాగాలుగా రద్దు చేశారు. ఐనా ఆ సీమల పేర్లు జనం నోట చావలేదు. కరేలియా అట్టి సీమలలో ఒకటి. 1835లో లొన్‌రోట్ ప్రకటించిన 'కలేవల'కు అక్కడి పల్లెజనం పాటలే ప్రధానమైన ముడిసరుకు. 1940లోనూ, మళ్ళీ 1944లోనూ అందులో పెద్దభాగం సోవియట్ యూనియనుకు పోయింది. నాలుగు లక్షల పైచిలుకు జనం ఇల్లూ వాకిలీ విడిచి వలసపోయారు.

మన ఝరాసంగానికీ ఇటువంటి ఒక సీమ ఉంది: బీదరు.

బీదరు చరిత్ర అనగానే బహమనీ సుల్తానులు, బరీద్‌షాహీలు, 1657లో కోటను పట్టిన ఔరంగజేబు వరుసగా గుర్తుకువస్తారు. ఇది సింహాసనాల చరిత్ర. 1472లో మహమూద్ గవాన్ కట్టించిన మదరసాను అందరూ పొగడుతారు. ఆ గవానే భూమిని కొలిపించి శిస్తు నిర్ణయించబూనాడనీ, సర్దారుల అధికారానికి కత్తెర వేశాడనీ, ఆ సర్దారుల కుట్రకే 1481లో బలి అయ్యాడనీ ఎందరు చెబుతారు? భూమి జోలికి వెళ్ళిన మంత్రిని భూస్వామ్యం బతకనివ్వలేదు.

అంతకు మూడు శతాబ్దాలు ముందే ఇదే సీమలోని కల్యాణంలో బసవని ఉద్యమం కులాన్ని ప్రశ్నించింది. ఆ కన్నడ నిప్పును పాల్కురికి సోమన తెలుగు ద్విపదలో రాజేశాడు. లోహంలో వెండితీగ పొదిగి, బీదరు కోట మట్టితో దాన్ని నల్లబరచిన బిద్రీ పనివాని పేరు మాత్రం ఏ శాసనానికీ ఎక్కలేదు. తెలుగు, కన్నడం, మరాఠీ, ఉర్దూ ఒకే సంతలో బేరమాడిన నేల ఇది.

1956 నవంబరు 1న ఈ జిల్లాను మూడు ముక్కలు చేశారు. అహమద్‌పూరు, నీలంగా, ఉద్గీరు బొంబాయి రాష్ట్రానికి పోయాయి. బీదరు మైసూరుకు దక్కింది. నారాయణఖేడు తాలూకా, న్యాల్‌కల్ సర్కిలు, నిర్ణా సర్కిలు పోగా మిగిలిన జహీరాబాదు తాలూకా మెదకులో కలిశాయి. భాషారాష్ట్రాలు ప్రజల న్యాయమైన కోరిక. అందులో సందేహం లేదు. కాని రెండు మూడు భాషల్లో బతికేవాడు ఆ లెక్కలో ఎక్కడికి చెందుతాడన్న ప్రశ్నను మనం, అభ్యుదయవాదులం కూడా, గట్టిగా అడగలేదు. శివరాత్రికి కేతకీ సంగమేశ్వరుని జాతరకు కర్ణాటక నుంచీ మహారాష్ట్ర నుంచీ వచ్చే జనం ఆ ప్రశ్నను ఏటేటా మన ముందుకు తెస్తూనే ఉన్నారు.

గీతలు గీయడం ఆగలేదు. న్యాల్‌కల్, ఝరాసంగం మండలాల్లో పన్నెండు వేల ఎకరాల పైచిలుకు భూమిపై 'నిమ్జ్' అనే పారిశ్రామిక మండలిని తలపెట్టారు. 2016లో కేంద్రం ఆమోదించింది. పరిశ్రమ రావడం తప్పు కాదు. జొన్న, కంది పండే చెలకను వదులుకునేవానికి ఆ పరిశ్రమలో చోటెక్కడ అన్నదే ప్రశ్న. ఈ మండలంలోని మాచనూరులోనే 2008లో దళిత స్త్రీలు తమ రేడియోను నెలకొల్పి, విత్తనాల మాట, పాటల మాట తమ యాసలోనే చెప్పుకున్నారు. శాసనానికెక్కని పనివాని వారసత్వం అక్కడ నోరు విప్పింది.

కరేలియా పోయినా పాట మిగిలింది, ఎవరో ఒకరు ఊరూరా తిరిగి రాసుకున్నారు గనుక. మన విద్యార్థులు సెలవుల్లో బీదరు కోట చూడడానికి వెళ్తున్నారు. దారిలో ఝరాసంగంలో దిగి, ఆ ముసలమ్మల పాటలు ఏ భాషలో మొదలై ఏ భాషలో ముగుస్తాయో రాసుకోవాలి. నేల చేతులు మారేలోపే ఆ పని జరగాలి.