అనురణనం

గుడిగంట కొట్టి చేయి తీశాక కూడా కంచులో నాదం కాసేపు నిలుస్తుంది. అదే అనురణనం. సంస్కృతంలో ‘రణ్’ అంటే మోగడం, ‘అను’ అంటే వెంట. 9వ శతాబ్దపు కాశ్మీర పండితుడు ఆనందవర్ధనుడు ‘ధ్వన్యాలోకం’లో ఈ మాటను కవిత్వానికి అన్వయించాడు. మాటలు నేరుగా చెప్పే వాచ్యార్థం తెలిశాక, గంట వెంట నాదంలా, చెప్పకనే తోచే వ్యంగ్యార్థం అది.

కాలధారలు (టైమ్‌లైన్లు) మారినా పాత ఘటనల ప్రకంపనలు చెరిగిపోవనీ, వాటిని చదివే శాస్త్రం ఉందనీ ఊహించే కథలున్నాయి. ఆ శాస్త్రానికి మన భాషలో పేరు కావాలంటే, ఈ మాటతోనే ‘అనురణన శాస్త్రం’ అంటాను. ఆ ఊహకు నిజంలోనూ ఒక చుట్టముంది. 2015 సెప్టెంబరు 14న లైగో పరికరాలు పట్టుకున్న గురుత్వ తరంగాలు, సుమారు 130 కోట్ల ఏళ్ల కిందట రెండు కృష్ణబిలాలు కలిసినప్పుడు పుట్టినవి. గంట ఎప్పుడో మోగింది. నాదం మనదాకా వచ్చింది.