నికోడెమస్: ఒక ప్రెయిరీ గ్రామం – దాని జనసంఖ్య

ఉపోద్ఘాతం:
అమెరికాలోని కాన్సస్ రాష్ట్ర వాయవ్య భాగంలో, గ్రాహం కౌంటీలో నికోడెమస్ అనే చిన్న గ్రామం ఉంది. 2020 జనగణనలో ఇక్కడ నమోదైన నివాసులు 14 మంది. ఈ అంకెను మాత్రమే చూస్తే ఇది అంతరించిపోతున్న పల్లె అనిపిస్తుంది. అయితే అంతర్యుద్ధానంతర పునర్నిర్మాణ యుగంలో ఆఫ్రికన్ అమెరికన్లు పశ్చిమ ప్రాంతంలో స్థాపించుకొన్న ఊళ్లలో నేటికీ నిలిచి ఉన్నది ఇదొక్కటేనని ఆ దేశ జాతీయ ఉద్యానవనాల సంస్థ గుర్తించింది. ఒక ఊరి చరిత్రను జనసంఖ్య ఎంతవరకు చెప్పగలదో ఈ గ్రామం ఆధారంగా పరిశీలించడం ఈ వ్యాసం ఉద్దేశం.

స్థాపన – తొలి నివాసులు:
1862 నాటి హోమ్‌స్టెడ్ చట్టం ప్రకారం ఐదేళ్లు నివసించి సాగుచేసిన వారికి 160 ఎకరాల ప్రభుత్వ భూమి దక్కేది. బానిసత్వం నుండి విముక్తులైనా సొంత భూమి లేని దక్షిణాది నల్లజాతీయులకు ఇది గొప్ప ఆశ. 1877లో డబ్ల్యూ. ఆర్. హిల్ అనే శ్వేతజాతి భూవ్యాపారి, డబ్ల్యూ. హెచ్. స్మిత్ మొదలైన నల్లజాతి నాయకులు కలిసి ఈ ఊరిని ఏర్పరచారు. అదే ఏడాది సెప్టెంబరులో కెంటకీ నుండి సుమారు మూడు వందల మంది ఇక్కడికి చేరారు. వీరిని 1879 నాటి ‘ఎక్సోడస్టర్’ వలసలో భాగంగా భావించడం సరికాదు. వీరి రాక అంతకు ముందే జరిగింది.

ప్రకటనలు వర్ణించిన ఊరికీ, కళ్లెదుట కనిపించిన నేలకూ పొంతన లేదు. చెట్లు అరుదైన ఆ మైదానంలో ఇల్లు కట్టడానికి కలప దొరకదు. ముందుగా వచ్చినవారు నేలను తొలిచి, పైన గడ్డిమట్టి కప్పుకొని తలదాచుకొన్నారు. కొందరు వెంటనే వెనుదిరిగారు. మిగిలినవారు ఆ తొలి శీతకాలం గట్టెక్కడానికి వేట ముగించుకొని అటుగా వచ్చిన ఓసేజ్ తెగవారు పంచిన ఆహారం కూడా తోడ్పడింది.

రైలుమార్గం – క్షీణత:
1880ల మధ్యకాలానికి ఊరిలో దుకాణాలు, చర్చిలు, పాఠశాల, హోటలు, రెండు వార్తాపత్రికలు వెలిశాయి. ఇక్కడ స్థిరపడిన ఎడ్వర్డ్ మెక్‌కేబ్ 1882లో రాష్ట్ర ఆడిటర్‌గా ఎన్నికయ్యాడు. రైలుమార్గాన్ని ఆకర్షించేందుకు 1887లో గ్రామస్థులు 16,000 డాలర్ల బాండ్లకు ఆమోదం తెలిపారు. కాని ఆ ప్రయత్నం ఫలించలేదు. 1888లో యూనియన్ పసిఫిక్ మార్గం నదికి ఆవలి వైపున సాగిపోయింది. వర్తకులు అక్కడ పుట్టిన బోగ్ అనే ఊరికి తరలిపోయారు. 1930లలో కరవు, ధూళి తుఫానులు, ఆర్థిక మాంద్యం రైతులనూ కదిలించాయి. 1950 నాటికి ఊరిలో మిగిలినవారు 16 మంది. 1953లో తపాలా కార్యాలయం, 1960లో పాఠశాల మూతపడ్డాయి.

లెక్కకు అందని జనం:
నికోడెమస్‌కు పురపాలక హోదా లేదు. కాబట్టి ఎక్కడ గీత గీసి లెక్కించారన్న దానిపై అంకె ఆధారపడుతుంది. ఊరి నడుమ ఇళ్లు ఖాళీ అయినా, చుట్టుపక్కల పొలాలలో ఈ కుటుంబాలు గోధుమ పండిస్తూనే వచ్చాయి. అంతకంటే ముఖ్యమైన విషయం మరొకటి ఉంది. వెస్టిండీస్ బానిసల విముక్తికి గుర్తుగా ఆగస్టు 1న జరుపుకొన్న ఉత్సవం కాలక్రమంలో ‘హోమ్‌కమింగ్’గా మారింది. ఏటా జులై చివరి వారాంతంలో దేశం నలుమూలల నుండి వారసులు వచ్చి చేరుతారు. జనగణన వీరిని వేరే నగరాలలో లెక్కిస్తుంది. వీరు మాత్రం తమ ఊరు నికోడెమస్ అనే చెప్పుకొంటారు. వారసుల కృషి ఫలితంగానే 1996లో ఈ గ్రామం జాతీయ చారిత్రక స్థలంగా గుర్తింపు పొందింది. టౌన్‌షిప్ హాలు, పాఠశాల, హోటలు, రెండు చర్చిలు అందులో భాగమయ్యాయి.

ముగింపు:
జనగణన ఒక రాత్రి ఎవరు ఎక్కడ నివసిస్తున్నారో చెబుతుంది. ఎవరు ఎక్కడివారో చెప్పదు. నికోడెమస్ విషయంలో ఈ రెండింటి మధ్య దూరం చాలా ఎక్కువ. తొలి తరం ఇక్కడికి వచ్చింది నేల కోసం. తరువాతి తరాలు తిరిగి వస్తున్నది ఆ నేలను తమదిగా చేసుకొన్నవారి జ్ఞాపకం కోసం. కనుక గ్రామచరిత్రకారుడు నివాసుల సంఖ్యతోపాటు వలసపోయినవారి రాకపోకలను, ఉత్సవాలను, శ్మశానవాటికలను, భూమి పత్రాలను కూడా ఆధారాలుగా స్వీకరించవలసి ఉంటుంది. లేనిపక్షంలో 14 అనే అంకె ఒక సజీవ సమాజాన్ని శిథిలంగా చూపుతుంది.